పాటకు ముందు పేరు

సముద్రం ఒడ్డునున్న గాల్వే పట్టణంలో జానపద పాటల పండగ. వేదిక వెనక నిర్వాహకుడు, నలభై ఏళ్లుగా పాడుతున్న గాయనిని బతిమాలుతున్నాడు.

“అక్కా, పాట ఎవరి దగ్గర నేర్చుకున్నావో ఇవాళ్టికి చెప్పకు. రేడియోవాళ్లకి టైం లేదట.”

“డెలియా దగ్గర నేర్చుకున్నాను. రేవులో చేపలు కోస్తూ నేర్పింది. ఆ పేరు చెప్పకుండా పాడితే మా ఊళ్లో దొంగపాట అంటారు.”

“డెలియా ఎవరో జనానికి తెలీదు కదా.”

“అందుకే కదయ్యా చెప్పేది. ఆవిడ సమాధి మీద పేరు చెక్కిన రాయి కూడా లేదు. ఇందాక సబ్బుల కంపెనీ, బీరు కంపెనీ పేర్లు గుక్క తిప్పుకోకుండా చదివావే, దానికి టైం ఎక్కడిది?”

“వాళ్లు లేకపోతే పండగే లేదక్కా.”

“ఆవిడ లేకపోతే పాటే లేదు.”

“ఒక్క పేరైనా తగ్గించాలి, నా మాట విను.”

“సరే, నా పేరు తీసెయ్. డెలియా అని పిలువు, వచ్చి పాడతాను.”