వెనక్కి తిప్పిన పిడి

వాండా బీలక్‌కి అన్యాయం జరిగింది 1919 మార్చిలో. యుద్ధంలో పోయిన కొడుకు కాజిక్ ఒక వార్తాచిత్రంలో కనిపిస్తాడు, ఆ ఫిల్ము ముక్క ఇప్పించండి అని ఆ చిత్రం తీసిన కంపెనీకి రాసుకుంది. "అది ఫ్రాన్సు రణరంగంలో తీసింది, మీవాడు అందులో లేడు" అని ఒక్క వాక్యం మొహాన కొట్టారు. ఏడేళ్లయింది. ఈ నెలే న్యూజెర్సీకి తిరిగొచ్చిన క్లెమ్ డాడ్జ్, ఆ చిత్రం తీసింది తానేనంటూ, ఆమె కాఫీ కొట్లోనే కూర్చుని కోతలు కోస్తున్నాడు. ఆమె కప్పులు తుడుస్తూ వింటోంది.

"కందకంలో నిలబడ్డా. సెకనుకు రెండు చుట్లు, కెమెరా పిడి తిప్పడం మా పని. తూటాలు చెవి పక్కనుంచి పోతున్నా చెయ్యి వణకలా!"

"టోపీకి చిల్లు పడలేదూ?" అన్నాడు ఐసు బండి గస్.

"టోపీయా! ఫిరంగి గుండే వచ్చిందయ్యా, సరాసరి నా ముక్కు మీదికి. అప్పుడేం చేశానో చెప్పనా? పిడి జోరు పెంచా. జోరుగా తిప్పితే తెర మీద అన్నీ నత్తనడక నడుస్తాయి కదా, గుండు కూడా నెమ్మదించింది! దాని మీద జర్మన్ రాత చదివేంత తీరిక దొరికింది నాకు."

"నీకు జర్మన్ వచ్చా?"

"అది వచ్చేలోపు నేర్చుకున్నా! ఇక లాభం లేదని పిడి వెనక్కి తిప్పా. గుండు వచ్చిన దారినే పోయి ఫిరంగి నోట్లో దూరింది. తిప్పుతూనే ఉన్నా. జర్మన్లు బెర్లిన్ దాకా వెనక్కి నడిచారు! అంతెందుకు, గుండెలో తూటా దిగి పడిపోయిన కుర్రాడు, ఫ్రెంచి టోపీ, ఎడమచేతి వాటం, నా కళ్లెదుటే లేచి నిలబడ్డాడు!"

గస్ పగలబడి నవ్వాడు. వాండా గుడ్డ కింద పెట్టింది.

"లేచాడు. ఆ ఒక్కటీ నిజం. లేచి, లాగు దులుపుకుని, కాబేజీ చారుకు ఇంటికొచ్చాడు. మన ఇటుకబట్టీ దిబ్బ మీదే కదయ్యా నువ్వు ఫ్రాన్సును పుట్టించింది? ఊళ్లో కుర్రాళ్లకు తలా ఒక రొట్టె ముక్క పెట్టి చంపావు. ఆ ఎడమచేతివాడు నా కాజిక్. మరుసటేడు అసలు ఫ్రాన్సులో పడ్డాడు. అక్కడ నీ పిడి లేకపోయింది."



"నాకు తెలీదమ్మా" అన్నాడు క్లెమ్, కప్పులోకే చూస్తూ. "చావడం సరిగ్గా రాలేదని మూడుసార్లు పడమన్నా. మూడుసార్లూ నవ్వాడు."

"ఆ నవ్వులేమయ్యాయి?"

"ఫిల్ములోంచి కత్తిరించేశారు. పారెయ్యబుద్ధి కాలేదు. నా దగ్గరే ఉన్నాయి."

మర్నాడు పొద్దున్నే రేకు డబ్బా తెచ్చి బల్ల మీద పెట్టాడు. ఒక్క కోతా కోయలేదు. మూత మీద అతని చేతిరాతే: "ఇటుకబట్టీ దిబ్బ, న్యూజెర్సీ. 1917 జూన్ 9."