లోపం లేని విచారణ

ఆ జడ్జిగారు నన్నంతగా మెచ్చుకోవాలా, మీరే చెప్పండమ్మా? ‘విచారణాధికారి ఎంతో ఓపికగా, ఏ లోపమూ లేకుండా విచారణ జరిపారు’ అట! తీర్పులో ఆ వాక్యం చదివిన రోజు నాకు అన్నం సహించలేదు.

వద్దమ్మా, కుర్చీ వద్దు. నిలబడే చెప్తాను. ముందు ఆయనెవరో జిరాక్సు కాగితాల కోసం చూస్తున్నాడు, పంపించెయ్యండి.

వెళ్లాడా? సరే.

నన్ను గుర్తుపట్టారుగా? పట్టకేం! పదకొండు రోజులు ఎదురుబొదురుగా కూర్చున్నాం. బ్యాంకు మీమీద పెట్టిన విచారణకి అధికారిని నేనేగా. మీ తరఫున వచ్చిన యూనియన్ ఆయన, మధ్యాహ్నమయ్యేసరికి ఒకటే గురక! మీరు మోచేత్తో పొడిస్తే ‘అభ్యంతరం!’ అని అరిచి లేచేవాడు. దేనికభ్యంతరమో ఆయనకే తెలీదు. నేను నవ్వాను. మీరూ నవ్వారు. నన్ను నమ్మారు కాబట్టే నవ్వారు.

ఇంతకీ ఏమిటి మీ నేరం? లాకర్ల గది మీ చేతిలో ఉంది. ఓ ముసలాయన లాకరుని ఆయన తమ్ముడే దొంగసంతకం పెట్టి తెరిపించి, ఇంటి కాగితాలు ఎత్తుకుపోయాడు. రిజిస్టర్లో చూస్తే మీ పొడి సంతకం. ఇంకేముంది?

మీరేమన్నారు? ‘నేను భోజనానికి వెళ్లాను సార్. మేనేజరుగారే ఆ తమ్ముణ్ణి లోపలికి తీసుకెళ్లారు. తిరిగొచ్చాక సంతకం పెట్టమంటే పెట్టాను. అంతవరకూ నాదే తప్పు’ అన్నారు. తప్పెంతో అంత ఒప్పుకునేవాళ్లు మన బ్యాంకులో ఎంతమందండీ!

ఇక నేను చెప్పుకోవలసింది... కాస్త మంచినీళ్లిస్తారా?

లాకర్ల దగ్గర కూర్చునే అటెండరు ఉన్నాడు చూశారూ, సాక్ష్యం చెప్పే ముందురోజు నా గదికొచ్చాడమ్మా. చేతులు నలుపుకుంటూ నిలబడ్డాడు. ‘సార్, అప్పుడు మేడమ్ లేరు సార్. మేనేజరుగారే తాళం తీశారు. చెప్పమంటారా, వద్దంటారా?’ అన్నాడు.

నేను తల కూడా ఎత్తలేదు. ‘అడిగినదానికి జవాబు చెప్పు. లేనిపోనిది నెత్తికెత్తుకోకు. పిల్లలు గలవాడివి’ అన్నాను.

చూశారా మాట! అబద్ధం చెప్పమన్నానా? అనలేదు. నిజం చెప్పొద్దన్నానా? అదీ అనలేదు. అంత తెలివైనవాణ్ణి!

మర్నాడు మీరు అడిగారు, ‘నేనప్పుడు అక్కడున్నానా?’ అని. వాడు మీకేసి చూడలేదు, నాకేసి చూశాడు. ‘గుర్తులేదు’ అన్నాడు. నేను గుండ్రటి అక్షరాలతో చక్కగా రాసుకున్నాను. కింద మీచేత సంతకం కూడా పెట్టించాను. మీ పెన్ను రాయకపోతే నాదే ఇచ్చాను.

పద్దెనిమిదేళ్ల ఉద్యోగం, ఒక్క కాగితంతో పోయింది మీకు.

కోర్టుకి నేనూ వచ్చాను లెండి. వెనక బెంచీలో కూర్చున్నాను, మీరు చూడలేదు. జడ్జిగారు ఫైలంతా తిరగేశారు. నోటీసు ఇచ్చారా? ఇచ్చారు. సాక్షుల్ని ప్రశ్నించనిచ్చారా? ప్రశ్నించనిచ్చారు. ‘విచారణ పద్ధతిగా జరిగిందా లేదా అన్నదే మేం చూస్తాం, సాక్ష్యాన్ని మళ్లీ తూకం వెయ్యడం మా పని కాదు’ అన్నారు. ఆయన్నేమనగలం? నా గదిలో అన్న మాట కాగితం మీద ఉంటేగా ఆయన కంటబడేది!

మెట్లు దిగుతూ మీ ఆయనతో మీరన్న మాట కూడా విన్నానమ్మా. ‘ఆ విచారణ చేసినాయన మాత్రం మర్యాదస్తుడండీ, ఒక్కరోజు కూడా కసురుకోలేదు’ అన్నారు. రెండడుగుల వెనకే ఉన్నాను నేను. ఎవరైనా చెప్పుచ్చుకుని కొడితే బాగుండుననిపించింది.

ఇదిగో, అఫిడవిట్. జరిగింది జరిగినట్టు రాసి సంతకం పెట్టాను. అటెండరు కూడా వచ్చి చెప్తానన్నాడు. వచ్చేవారం ఇద్దరు జడ్జీల ముందు మీ అప్పీలు ఉందటగా, మీ వకీలుకివ్వండి. మా అల్లుడూ వకీలే. ‘కొరివితో తల గోక్కుంటున్నారు మావయ్యా, పెన్షను పోతుంది’ అని మొత్తుకున్నాడు. పోతే పోనీ అన్నాను. పైకి అన్నాను గానీ, భయంగానే ఉంది.

అలా చూడకండమ్మా. తిట్టండి. నాలుగు తిట్లు తిట్టండి, పడతాను.

ఏమిటీ? ఎందుకు చేశానంటారా?

అదొక్కటీ ఇందులో రాయలేదు. చెయ్యి రాలేదు. మేనేజరు నాకేదో ముట్టజెప్పాడనుకుంటున్నారు కదూ? పైనుంచి ఫోనొచ్చిందనుకుంటున్నారు. అలా జరిగినా బాగుండేది, చెప్పుకోడానికో కారణముండేది.

నన్నెవరూ ఏమీ అడగలేదమ్మా. మా ఊరికి బదిలీ వచ్చింది. నెలాఖరులోగా ఫైలు ముగిస్తేనే వదులుతామన్నారు. ఆ అటెండరు నోరు విప్పితే మేనేజరు మీద ఇంకో విచారణ, మళ్లీ సాక్షులు, ఇంకో ఆర్నెల్లు.

ఇంట్లో సామానంతా అప్పటికే పెట్టెల్లో సర్దేశాం. మళ్లీ విప్పడం ఎందుకులే అనిపించింది. అంతేనమ్మా... అంతకంటే ఏం లేదు.