జ్వరంలో మిగిలిన భాష

ఆస్ట్రియా కొండల్లో ఉప్పు గనుల ఊరు. చలికాలపు మధ్యాహ్నం. గనిపనివాడు గ్రెగోర్ ఇంట్లో, మేడ మెట్లకు అడ్డంగా అతని భార్య వాల్బుర్గా. ఎదురుగా, ఊరికి కొత్తగా వచ్చిన ఫాదర్ కాయెటాన్.

“పక్కకి జరుగమ్మా వాల్బుర్గా.”

“ఒక్క నిమిషం కూర్చోండి ఫాదరుగారూ. మంచులో పడి వచ్చారు. పాలు కాచి ఉంచాను, రొట్టె ఉంది—”

“పాలు తర్వాత. మీ అత్తగారికి నూనె రాసి ప్రార్థన చెయ్యడానికి వచ్చాను. ప్రాణం మీదికొచ్చిందని మీ పక్కింటావిడ కబురు పెట్టింది.”

“ఆవిడా? ఆవిడకెందుకంట మా ఇంటి సంగతి?”

“మరి నువ్వు పెట్టలేదేం?”

“పెడదామనే అనుకున్నానండీ. ఇప్పుడే కన్నంటుకుంది అత్తకి. లేపితే మళ్ళీ నిద్ర పట్టదు.”

“నిద్రపోయే మనిషి మాట్లాడుతోందే.”

“ఎక్కడ?”

“పైన. వినపడ్డం లేదూ?”

“నాకేం వినపడ్డం లేదు.”

“‘దాహముగొనియున్నాను, జలము తెచ్చి నా పెదవులను తడుపుము’ అంటోంది. ఎవరమ్మా పైన ఉన్నది?”

“మా అత్తేనండీ. జ్వరం కదా, ఏదో వాగుతోంది.”

“వాగడంలా లేదు. మీ కొండల్లో దాహం వేస్తే ఏమంటారు?”

“‘ఇన్ని నీళ్ళు పొయ్యవే’ అంటాం.”

“మరి ఈవిడేంటి ఇలా అంటోంది?”

“అది ఉత్తరాది వాళ్ళ మాటండీ. చిన్నప్పుడు సాక్సనీ వర్తకుల ఇంట్లో పని చేసింది.”

“పుట్టినప్పటినుంచీ ఏటి ఒడ్డు మిల్లు దాటి ఎరగదని మీ పక్కింటావిడ చెప్పిందే?”

“ఆవిడ నోరు పడిపోను!”

“వాల్బుర్గా.”

“తప్పయింది. క్షమించండి.”

“జరుగు. పైకి వెళ్ళాలి.”

“ఫాదరుగారూ, మీ కాళ్ళు పట్టుకుంటా—”

“లే. లేవమ్మా. నాతో పైకి రా. అబ్బా, దూలం తగిలింది… అపొలోనియమ్మా, నేను ఫాదర్‌ని. ఎలా ఉంది ఒంట్లో?”

“ద్వారమును మూయుము. శీతలము లోనికి వచ్చుచున్నది.”

“చూశావా?”

“చూస్తూనే ఉన్నానండీ. మూడు రోజులై ఇదే వరస.”

“ఇది సాక్సనీ వర్తకుల మాట కాదు. వర్తకుడు కూడా తలుపెయ్యమనే అంటాడు. ఇది పుస్తకంలో భాష. బైబిలంతా జర్మనులోకి దించారే ఉత్తరాది ప్రొటెస్టెంట్లు, ఇక్కడ ఇంట్లో ఉంచుకోవడమే నేరం, ఆ పుస్తకంలోది. నాకు తెలుసు, నీకూ తెలుసు.”

“నాకేం తెలుసండీ? నాకు అక్షరమ్ముక్క రాదు.”

“నీకు రాకపోవచ్చు. మీ అత్తకొచ్చు. పుస్తకం ఎక్కడ?”

“ఏ పుస్తకం?”

“విసిగించకు. ఇలాంటి పుస్తకాలున్న ఇళ్ళు పట్టుకునే అధికారి సెవెరిన్ మీ పక్కింట్లోనే ఉన్నాడు. ఆవిడ పోసిన పళ్ళసారా తాగుతున్నాడు. ఆ గ్లాసు అవగానే ఇక్కడికే వస్తాడు. పుస్తకం అతనికంటే ముందు నా చేతికొస్తే ఏమైనా చెయ్యగలనేమో.”

“లేదండీ.”

“వెతకమంటావా? నేలపలకల కింద, పొయ్యి వెనక, గడ్డివాములో… ఎక్కడెక్కడ దాస్తారో నాకు తెలీదనుకున్నావా?”

“వెతుక్కోండి. ఇల్లు పీకి పందిరెయ్యండి. నేను కాపురానికొచ్చిన ఏడే మా మామ భయపడి పొయ్యిలో పెట్టేశాడు. అత్త ఏడవను కూడా లేదు. ‘పోతే పోనీ, నాకు కావల్సింది నా దగ్గరుంది’ అంది.”

“నోరు జారావు.”

“జారాను. ఇంకా ఏం దాచను? ఆవిడే గొంతెత్తి చెప్తుంటే! పెళ్ళికాక ముందునుంచీ, రోజూ ఇల్లు మాటుమణిగాక దీపం పెట్టుకుని అదే చదువుకునేదంట. పైకి మాత్రం మా అందరి మాటే. ఆవుల్ని మా మాటలోనే పిలిచేది, నన్ను మా మాటలోనే తిట్టేది. జ్వరం తగిలింది, మా మాటంతా పోయింది ఫాదరుగారూ. వాళ్ళమ్మ నేర్పిన మాట పోయింది, అదొక్కటే మిగిలింది.”

“అసలేం గుర్తు లేదా?”

“ఒక్క ముక్క లేదు. నన్ను ‘ఒసేయ్ వాలీ’ అని పిలిచేది. ఇన్నేళ్ళూ ఒకే పెనంలోంచి చెంచాలు పెట్టుకు తిన్నాం. ఇప్పుడు ‘ఓ స్త్రీ’ అంటోంది. నన్ను! నిన్న ఆవు అరిస్తే, ‘ఆ జంతువు ఏల ఘోషించుచున్నది’ అంది… నవ్వకండి.”

“నవ్వలేదు.”

“నవ్వారు. నాకూ నవ్వొచ్చింది, తర్వాత ఏడుపొచ్చింది. సెవెరిన్ వింటే ఏమవుతుందండీ?”

“నీకు తెలుసు.”

“తెలుసు. మీ నోటితో చెప్పండి.”

“నిన్నూ గ్రెగోర్‌నీ పడవెక్కించి దాన్యూబ్ మీద తూర్పుదేశానికి తోలేస్తారు. పిల్లల్ని ఇక్కడే ఉంచేసుకుంటారు.”

“కిందటేడు కమ్మరి బార్బారాని అలాగే తోలేశారు. చంటిదాన్ని కూడా లాక్కున్నారు. ఇంకా పాలు తాగే పిల్ల. పడవ దగ్గర బార్బారా రవికె తడిసిపోయింది, చూసి ఊళ్ళో ఆడాళ్ళంతా మొహాలు తిప్పుకున్నాం. నేనూ తిప్పుకున్నా.”

“మీ పిల్లలెక్కడ?”

“ఎందుకు?”

“ఎక్కడ?”

“కట్టెలకెళ్ళారు… కాదు, మా అన్నయ్య ఇంటికి.”

“ఏదో ఒకటి చెప్పు.”

“చెప్పను.”

“ఓ స్త్రీ, నీ కన్నీరు ఏలనో నాకు తెలుపుము.”

“ఏమీ లేదత్తా. పొగ. పడుకో నువ్వు. దణ్ణం పెడతా, కాసేపు మాట్లాడకు.”

“వాల్బుర్గా, ఒక పని చెయ్యి. మంగళవార్త జపం ఒక్కసారి చెప్పించు. మీ కొండ మాటలో. ఆ పుస్తకం వాళ్ళు మరియమ్మ తల్లికి మొక్కరు. ఆ తల్లి పేరు ఈవిడ నోటివెంట వచ్చిందంటే చాలు, మిగతాది జ్వరం అని నేను సర్దిచెప్తా.”

“అత్తా… అత్తా, ఇటు చూడు. నేను అన్నట్టు అనవే. ‘మరియమ్మ తల్లీ, నీకు దండం.’ అంతే. అను.”

“నీవు నన్నేల శోధించుచున్నావు?”

“నీ మనవరాలు లెనీ కోసం అనవే. చిన్నాడి కోసం. వాడు నీ పక్కలోనేగా పడుకునేది! అత్తా!”

“ఎరుగని పలుకులను నా నోట నుంచవలదు.”

“మొండిది! చచ్చేముందు కూడా మొండితనమే! ఎవరి కోసమే నీ పంతం?”

“అరవకు. వీధిలోకి వినపడుతుంది.”

“పంతం కాదులెండి. నిజంగానే తెలీడం లేదు దానికి. కళ్ళు చూడండి, ఎక్కడో ఉన్నాయి.”

“అయితే ఆ దుప్పటి కాస్త మూతి మీదికి లాగు. అతను వచ్చి వెళ్ళేదాకా.”

“ఏంటీ?”

“కాసేపే.”

“ఊపిరాడక కొట్టుకుంటున్న మనిషి నోరు మూసెయ్యమంటారా?”

“నేనా మాట అనలేదు.”

“అన్నారు. నాకు భయంగా ఉంది ఫాదరుగారూ. మీరన్నందుకు కాదు. లెనీ కోసం నేను నొక్కేస్తానేమోనని. తెల్లవారుజామున దుప్పటి చేతిలోకి తీసుకున్నాను కూడా. మళ్ళీ పెట్టేశా.”

“అయ్యో దేవా.”

“అదే నేనూ అన్నా.”

“చూడమ్మా. ఒకవేళ పిల్లల్ని తీసుకెళ్ళినా… మఠంలో బాగానే చూస్తారు. ఆదివారం మాంసం పెడతారు. చదువు చెప్తారు. బూట్లిస్తారు.”

“మీకెలా తెలుసు?”

“తెలుసు.”

“మీదే ఊరండీ?”

“దూరం.”

“కొండల్లోనేనా? ఏ లోయ?”

“చిన్నప్పటి సంగతి. గుర్తు లేదు.”

“మీ అమ్మగారు ఉన్నారా?”

“ఆ నూనె సీసా ఇలా ఇవ్వు.”

“పోయారా?”

“తెలీదు.”

“కన్నతల్లి ఉందో పోయిందో తెలీని బిడ్డ ఉంటాడా? … అయ్యో. మిమ్మల్నీ—”

“సీసా ఇవ్వమన్నానా?”

“మిమ్మల్నీ అలాగే పట్టుకుపోయారా?”

“ఆరేళ్ళుంటాయేమో అప్పుడు. అమ్మ మొహం గుర్తు లేదు. ఇంటి మాట మాట్లాడితే మఠంలో బెత్తం తీసేవాళ్ళు, అందుకని అదీ మర్చిపోయా. బూట్లు మాత్రం మంచివే ఇచ్చారు. చాలా?”

“అది తెలిసీ నా పిల్లల్ని పంపమంటున్నారా? నేనలా పంపగలనా? వాళ్ళు కూడా పెద్దయ్యాక ఎవరో అడిగితే ‘తెలీదు’ అంటారు. నా గురించి! నేనెక్కడో తూర్పుదేశంలో పిచ్చిదాన్లా వాళ్ళ పేర్లు పిలుస్తుంటాను, వాళ్ళు ‘తెలీదు’ అంటారు. నా వల్ల కాదు. కాదంటే కాదు.”

“హుష్. కింద తలుపు చప్పుడైంది.”

“అత్తా, ఒక్క నిమిషం. ఒక్కటంటే ఒక్క నిమిషం నోరు—”

“చీకటి వచ్చుచున్నది, నేను వెరవను. నా చేయి పట్టుకొనువాడు కలడు!”

“అయిపోయింది. అయిపోయింది ఫాదరుగారూ.”

“వాల్బుర్గా! ఇంట్లో ఎవరున్నారూ? సెవెరిన్‌ని!”

“నువ్వు పలక్కు, నేను పలుకుతా… పైన నేనున్నాను సెవెరిన్. అక్కడే ఆగు.”

“ఫాదరుగారా! మీరు నాకంటే ముందే వచ్చేశారే. పైన ఎవరండీ ఆ గొంతు? సాక్సనీ పాస్టరు ఎవడో దిగబడ్డట్టుంది!”

“జబ్బు మనిషి.”

“జబ్బు మనిషి అంత చక్కగా మాట్లాడుతుందా? మా అమ్మ జ్వరమొస్తే కప్పలా బెకబెకమంటుంది. రెండు మెట్లెక్కి వింటాను, అంతే.”

“ఎక్కకు.”

“నా పని నేను చెయ్యాలి కదండీ.”

“నా పని నేను చేస్తున్నా. ఊదా పట్టీ మెడలో వేసుకుని ఉన్నాను.”

“అంటే?”

“అంటే పాపసంకీర్తనం. ఆవిడ తన పాపాలు చెప్పుకుంటోంది, నేను వింటున్నా.”

“ఎప్పటినుంచండీ?”

“నేనీ గుమ్మంలో అడుగు పెట్టినప్పటినుంచి.”

“అంటే ఇందాకట్నుంచీ ఆవిడన్నదంతా…”

“నాకూ దేవుడికీ మధ్య. బిషప్పు అడిగినా చెప్పకూడదు, తల తీస్తానన్నా చెప్పకూడదు. ఆ కట్టడి నీకు తెలుసు.”

“తెలుసనుకోండి. కానీ నేను ఇప్పుడే నా చెవులతో—”

“పరాయివాళ్ళ పాపసంకీర్తనం చెవొగ్గి విన్నావా? అది నీ పాపం. ఎవరికైనా చెప్పావంటే అంతకంటే పెద్ద పాపం. ఈస్టరుకి వచ్చి నా ముందు మోకాళ్ళ మీద కూర్చుని చెప్పుకోవాల్సి ఉంటుంది. చెప్పు, ఏం విన్నావు?”

“నేనా? నేనేం విన్లేదండీ. చలికి చెవులు దిబ్బళ్ళేశాయి.”

“మంచిది.”

“మరి కోడలు పైనే ఉందిగా? ఆవిడ వినొచ్చా?”

“దింపుతున్నా. వాల్బుర్గా, కిందికెళ్ళి సెవెరిన్‌కి ఆ వేడి పాలు పొయ్యి. మెట్ల మొదట్లోనే కూర్చోబెట్టు. ఎవర్నీ ఎక్కనివ్వకు.”

“ఫాదరుగారూ… మేం పాపసంకీర్తనం నమ్మం.”

“చిన్నగా. నమ్మకపోతే పోయె. నేను నమ్ముతా, అది చాలు.”

“పొద్దుపోయాక కూడా ఇలాగే మాట్లాడుతుంటే?”

“నేను పట్టీ తియ్యను. పాపాలు ఎక్కువున్నాయనుకోనీ. ప్రాణం పోయేదాకా ఇక్కడే కూర్చుంటా. సెవెరిన్ వెళ్ళిపోయాక లెనీని పిలిపించు, బామ్మ చెయ్యి పట్టుకుంటుంది.”

“మీరు… మీరెందుకిలా…”

“వెళ్ళమ్మా. తలుపు దగ్గరగా లాగు.”

“ఎవడవు నీవు? నా చెంత కూర్చున్న నీవు ఎవడవు?”

“పలుకుము, అమ్మా. మా తల్లి నోట విన్న పిమ్మట, ఈ పలుకులను మరల నేడే వినుచున్నాను.”