వరసదిబ్బల గంగులయ్య

ఏందిమే పిల్లా, ఆ ఫోన్లో సముద్రమంతా జరిపి జరిపి చూపిస్తా ఉండావు, నీళ్ళ నడిమిన లంకల మాదిరి దిబ్బలు లేవంటావా? మన ఒడ్డు కాణ్ణించి తూర్పుగా అండమాను దాకా ఒట్టి నీళ్ళేనంటావు. అది తెలవకనే ఇన్నేళ్ళు తెడ్డేసినానా నేను? కృష్ణపట్నం వచ్చే ఓడలన్నీ ఆడినించే గదా వచ్చేది, ఒకటన్నా దిబ్బకు తగులుకోనిందా? లేవులే. లేనివాటి గురించే గదా నువ్వు అడిగింది. ఆ ఫోను పక్కన పెట్టి కూచో. వరసదిబ్బలు మా మామ చేసినవి. గంగులయ్య మామ, మా అమ్మకు అన్న. నోటితో చేసినాడు. వలేసి కాసుకోనుంటామే, అప్పుడు కుర్రోళ్ళకు కునుకు పట్టేది. కునికితే నీళ్ళల్లో పడతారు. అందుకని మొదలుపెట్టేవోడు. "ఒరేయ్, నిద్దరపోబాకండ్రా, అదిగో మొదటి దిబ్బోళ్ళు లేచినారు" అని. ఆ దిబ్బలో ఉప్పు పుట్టదంట. మన తెప్ప పోతే పిల్లాజెల్లా పరిగెత్తుకోనొచ్చి మన చేతులు నాకతారంట, ఉప్పుగాలి అంటుకోని ఉంటాది గదా. రెండో దిబ్బలో ఇళ్ళన్నీ బోర్లేసిన పడవలే. సముద్రం పొంగితే ఇల్లు తిరగేసుకోని పక్క దిబ్బకు పోతారంట. ఆడోళ్ళు తెడ్డేస్తారు, మొగోళ్ళు పొయ్యి ఆరకుండా ఊదతా కూచుంటారు. నవ్వుతావే, మేమూ అట్నే నవ్వినాం. మధ్యలో ఇంకా ఉండేవి, ఈలేసి మాట్లాడుకునేవోళ్ళు ఎవురో... మర్చిపోయినాలే.

ఆఖరు దిబ్బోళ్ళు మాత్రం చేపలు పట్టరు. వాళ్ళ వలలు మనుషులకు. సముద్రంలో పడినోణ్ణి పట్టి, ఒడ్డుకేసి, గంజి పోసి, గాలి తిరిగిందాకా ఉంచుకోని ఇంటికి పంపిస్తారంట. అయితే ఒకటి. ఇంటికాడ వాడికి గడ్డిబొమ్మ కాల్చినారనుకో, ఆ పొగ వాళ్ళకు కనబడతాది. "నీవాళ్ళు నిన్ను వదులుకున్నార్రా, ఇంగ నువ్వు మావోడివి" అని వాడి తెడ్డు తీసి పొయ్యిలో పెడతారంట. గడ్డిబొమ్మంటే నీకు యాడ తెలుస్తాది. శవం దొరక్కపోతే దర్భగడ్డితో మనిషిని కట్టి, పాత వలతాడు బిగించి, వాడి తలగుడ్డ చుట్టి, ఒడ్డున పెట్టి కాల్చేది. అదే వాడికి చితి. అది కాలితేనే ఇంటోళ్ళు గుండె బాదుకోని ఏడ్చి, మళ్ళీ అన్నం తింటారు. కాలకపోతే చచ్చినోడూ పోడు, బతికినోళ్ళూ బతకరు. ఆ పొగ మాట మామ ఎందుకు కలిపినాడో, కథ రుచికి కలిపుంటాడు. పాడు నోరు.

ఒక వాయుగుండంలో ఆయన కొడుకే రాలా. మునెయ్య. తెప్ప మానులు ఒకటొకటే విడిగా ఒడ్డుకు కొట్టుకోనొచ్చినాయి, మనిషి రాలా. పెళ్ళై ఏడాది తిరగలా వాడికి. పెండ్లాం కామమ్మ. నాకు అక్క వరస, తమ్ముడూ అని నోరారా పిలిచేది. ఎదురుచూసి ఎదురుచూసి ఊరి పెద్ద బొమ్మ కట్టమన్నాడు. వాడికి పిల్లల్లేరు గదా, తండ్రే నిప్పు పెట్టాల. మామ కాగడా పట్టుకోని వంగినాడు. కామమ్మక్క జుట్టు విరబోసుకోని వచ్చి పడింది. "కాల్చబాక మామా! పొగ కనబడితే ఆయన్ని పంపరు. నువ్వే చెప్తివంట గదా!" అనింది. ఊరి పెద్ద గదిమినాడు, "ఏంరా గంగులయ్యా, అయ్యన్నీ ఉత్త కథలని చెప్పరా ఆ పిల్లకు" అని. ఆమె గూడా, "చెప్పు మామా, అబద్ధమని నీ నోటితో చెప్పు, నేనే నిప్పు పెడతా" అనింది. మామ ఆ పిల్ల మొకం చూసినాడు. కాగడా చెయ్యి కాల్చేదాకా అట్నే నిలబడినాడు. తడి ఇసకలో గుచ్చి ఆర్పేసినాడు. "ఉండాయమ్మా, దిబ్బలు ఉండాయి" అన్నాడు. నాకు ఒళ్ళు మండింది, ఇప్పుటికీ మండతాది. ఆ ఒక్క మాట అనుంటే ఆ పొద్దే ఏడ్చుండేది, ఏడ్చి ఏడ్చి ఎప్పుటికో మనిషయ్యుండేది.

అప్పుణ్ణించి రోజూ ఇదే. మాపటేళ అన్నం పెట్టి, ఎదురుగా కూచోని, "మామా, ఈ పొద్దు ఏం తిన్నాడు?" అనేది. ఆయన చెప్పాల. గంజి తాగినాడమ్మా, గాలింకా తిరగలేదమ్మా, వల అల్లతా ఉండాడమ్మా. మాకు తెప్పమీద చెప్పడం మానేసినాడు, కొత్తవన్నీ ఆమెకే చాలేవి కావు. కామమ్మక్క వాళ్ళన్న వచ్చి, ఇంకో సంబంధం చూసినా, రా అంటే, "ఆయనొచ్చి చూస్తే ఇల్లు తాళమేసుంటే యాడికి పోతాడన్నా" అని పంపించేసింది. మామ మనిషి ఎండిపోయినాడు. నేను చూస్తా ఉండేవోణ్ణి, ఆ ఇంటి అరుగుమీదనే వల బాగుచేసుకునేది నేను. ఒకనాడు ముద్ద కలపతా కలపతా ఆపి, "లేవమ్మా" అన్నాడు. "దిబ్బలూ లేవు, మనుషులూ లేరు. నా కొడుకు చచ్చిపోయినాడు." నేను అమ్మయ్య అనుకున్నా. ఆమె ఏం చేసిందనుకున్నావు? నవ్వింది మే! "నువ్వు అలిసిపోయినావు మామా. ఈ పొద్దు నేను చెప్తాలే" అనింది. "ఆఖరు దిబ్బ అవతల ఇంకోటుండాది. పోటుకు మునిగి ఆటుకు తేలతాది. ఆయన ఇప్పుడు ఆడుండాడు. మోకాళ్ళ లోతు నీళ్ళల్లో నిలబడి తింటా ఉండాడు. నాయన ఎందుకు రాలేదని అడగతా ఉండాడు."

మామ మొకం చూడాల్సింది నువ్వు. మేం ఆయన కథ వింటా ఎట్ట నోరు తెరుచుకోని చూసేవోళ్ళమో, అట్ట చూస్తా ఉండాడు. "ఏ పక్కనమ్మా అది?" అన్నాడు. ఆమె చేతిలో గరిటె ఎత్తి చూపించింది. తెల్లారి గాలి బాగలేదు, ఊళ్ళో ఎవురూ వేటకు పోలా. మామ తెప్ప లేదు. కుండలో నీళ్ళు తీసుకోని పోయినాడు. ఒక ఉప్పు మూట గూడా తీసుకోని పోయినాడు మే. తన కథ తనే నమ్మి పోయినాడు ముసిలోడు. మేం వెతికినాం, దుగరాజపట్నం దాకా ఒడ్డెంబడి నడిచినాం. ఏమీ దొరకలా.

మళ్ళా బొమ్మ మాట ఆమెతో ఎత్తేదానికి అందరికీ భయమే. పెద్దోళ్ళు వాకిట్లో నిలబడి నీళ్ళు నమలతా ఉండారు. ఆమే దర్భమోపు ఎత్తుకోనొచ్చి నా ముందు వేసింది. "ఇద్దరికీ కట్టు తమ్ముడూ. మామను నేనే చెయ్యి చూపించి పంపిస్తిని" అనింది. కట్టినా. మేనల్లుణ్ణి గదా, నిప్పు గూడా నేనే పెట్టినా. పొగ సముద్రం మీదకే పోయింది. ఊరంతా ఏడస్తా ఉండారు, ఆమె ఏడవలా. బూడిద నీళ్ళల్లో కలిపిందాకా నిలబడి, తిరిగి నన్ను చూసి అడిగింది. "తమ్ముడూ, ఇంగ మాపటేళ ఏం జేసేది?" అనింది.

...ఊఁ? తర్వాతేంది, తర్వాతేం లేదు. లేయ్, లేచి ఆ పొయ్యికాడ చూడుపో, పులుసు అడుగంటతా ఉండాది.