కత్తిదెబ్బ నుంచి ప్రథమ చికిత్స దాకా: శ్రీ షోజి కురిమోటో గారి నటజీవితం

2009 జనవరి 4, ఆదివారం నాడు ఇక్కడ గల్ఫ్‌లో, అల్ రయ్యాన్‌లోని మా శిక్షణ చిత్రాల సంస్థలో నటులుగా చేరిన శ్రీ షోజి కురిమోటో గారు ఈ నెలాఖరున పదవీ విరమణ చేస్తున్న సందర్భాన, శబ్దగ్రాహకుడినైన నాకు ఈ నాలుగు మాటలు రాసే భాగ్యం దక్కింది. శుభ సందర్భమనాలి గానీ, మనసొప్పడం లేదు.

జపాన్‌లోని క్యోటో నగరంలో పదిహేనో ఏట చిత్రసీమలో అడుగుపెట్టిన వారికి దక్కిన పాత్ర ఒక్కటే: కథానాయకుడి కత్తికి బలి కావడం. కత్తియుద్ధాల చిత్రాలకు ఆదరణ తగ్గాక టీవీ ధారావాహికల్లో చనిపోయారు. కంప్యూటర్లే సైన్యాలను సృష్టించే కాలం వచ్చి ఆ వేషాలూ కరవయ్యాక, మా వద్దకు వచ్చి, నిచ్చెనల మీంచీ పరంజాల మీంచీ పడుతూ, అల్ ఖోర్ క్యాంపుల్లోని కార్మిక సోదరులకు ప్రమాద నివారణ నేర్పారు. "చిన్న వేషమేగా" అని ఎవరైనా అంటే వారికి చిర్రెత్తుకొచ్చేది.

పడే ముందు కళ్ళద్దాలు తీసి, మా మేకప్ నిపుణురాలు తెరెసా గారి చేతికివ్వడం వారి ఆనవాయితీ. నిరుడు వడదెబ్బ దృశ్యం చిత్రీకరిస్తుండగా వారు కుప్పకూలితే, ఆహా ఏం నటన అని అందరం చప్పట్లు కొట్టాం. తెరెసా గారొక్కరే కేక పెట్టారు.

"ఓరి దేవుడా, ఆపండయ్యా! అద్దాలతోనే పడిపోయారు, ఇది యాక్టింగ్ కాదు! యల్లా, త్వరగా, అంబులెన్స్!"

మా చిత్రాల్లో నేర్పినట్టే, గుండె ఆగిపోయిన వారి ఛాతీని ఆమె నొక్కుతూ ఉండబట్టి ప్రాణం నిలిచింది.

కోలుకుని వచ్చాక వారు ఆ దృశ్యం చూపించమన్నారు. "ఆ చప్పట్లు తీసేస్తానండీ, వినలేకపోతున్నాను" అన్నాను.

మా దగ్గర తెలుగు నేర్చిన ఆయన తల అడ్డంగా ఊపారు. "వద్దు విన్సెంట్ గారూ. ఉంచండి. పక్కవాడు పడితే నాటకం అనుకోవద్దు. అది చూసే కార్మికులకి తెలియాలి."

చప్పట్లతో సహా అలాగే ఉంచి, క్యాంపుల్లో చూపించాం. గత నెల అల్ ఖోర్‌లో, నలుగురినీ నవ్వించే అమర్ అనే మేస్త్రీ భోజనాల దగ్గర ఒరిగిపోతే, ఆ చిత్రం చూసిన తోటివారు వేళాకోళమనుకోలేదు. పరుగున వచ్చి బతికించుకున్నారు.

ఇక నటించవద్దని వైద్యులు ఖండితంగా చెప్పారు. కురిమోటో గారూ, మా అందరి కోసం ఇన్నేళ్ళు చచ్చిపోయారు, చాలండీ. ఇకనైనా సతీసమేతంగా, ఆయురారోగ్యాలతో, నిండు నూరేళ్ళూ బతికి చూపించండి; ఆ వేషం ఇంతవరకు మీకెవరూ ఇవ్వలేదు.

— విన్సెంట్