బంద్ పెట్టిన తోవ

గా ఫోన్‌ను గట్ల టేబుల్ మీద కొడితే యాప్ బాగైతదా మామా? పగిలితే నీ ఫోనే పగుల్తది. ఇటియ్యి. కూసో. గొంతు జర తగ్గించు, దివాకర్ సారు పక్క రూంల్నే ఉన్నడు.

సారే నన్ను పిలిచిండు. "అక్షితా, మీ మేనమామ సాయిలు వచ్చిండు. మన 'మన తోవ' యాప్ ఖరాబున్నదట. నిన్న పొద్దుగాల ఆయన భార్యకు పాము కరిస్తే, యాప్ చూసి అంబులెన్సు చుట్టు తిరిగి పోయిందట. ఫిర్యాదు నువ్వే రాస్కో" అన్నడు. నీ భార్యంటే నా కృష్ణమ్మ అత్తేనని నాకు వేరే చెప్పాల్నా.

అడగాల్సినయి నాలుగున్నయ్. అందరినీ అడుగుత, నిన్నూ అడుగుత. ఊళ్ల పెద్దమనిషివని మినహాయింపు లేదు.

మొదటిది. లొకేషన్ ఆన్ ఉన్నదా? చూడు, లేదు. ఎందుకు? బ్యాటరీ దిగుతదనా? మంచిగున్నది. నువ్వు ఏడున్నవో ఫోన్‌కు చెప్పవు గని, తోవ ఏడున్నదో అది నీకు చెప్పాలె. అత్త తోటి గూడ నలభై ఏండ్ల నుంచి గిదే కథ గదా నీది.

ముఖం గట్ల పెట్టకు. రెండోది. రిఫ్రెష్ చేసినవా? వేలు పెట్టి మీది నుంచి కిందికి గుంజాలె. అట్ల గాదు, బోరింగు కొట్టినట్టు గుంజుతున్నవ్. మెల్లగ. ఆఁ. ఇప్పుడేం కనపడుతాంది? మనూరి రోడ్డు మీద పచ్చగీత. అంటే తోవ సాఫ్. నిన్న పొద్దుగాల అక్కడ ఎర్రగీత ఉండె. మధ్యాన్నం నేనే తీసేసిన.

ఎందుకు తీసిన అంటవా. ఆగు, వరుస తప్పొద్దు.

మూడోది కెమెరా. ఊరి మొదట్ల స్తంభం మీదున్నదే, అది. ఒత్తు. నల్లగ ఉన్నదా? మూడు రోజుల నుంచి నల్లగనే ఉన్నది. కెమెరా ఖరాబని రాయమంటవా? రాస్త గని, రిపేరుకు వచ్చినోళ్లు మీదికి ఎక్కి చూస్తే దాని మూతికి గోనెసంచి కట్టి ఉంటది మామా. కల్లు గీసే మైసయ్యను మోకేసి ఎక్కిచ్చినవట గదా. తాటిచెట్టనుకొని కల్లు లొట్టి గూడ కట్టి దిగిండా, ఒట్టి సంచితోనే దిగిండా?

నాకెట్ల తెల్సంటవేంది. ఊరంత నవ్వుతాంది. రోడ్డు మీద అర కిలోమీటరు పొడుగున నీ వడ్లు ఆరబోసినవ్, అవి ఆఫీసోళ్లకు కనపడొద్దని కెమెరాకు ముసుగేసినవ్. కొత్త పెండ్లికూతురుకు గూడ అంత ముసుగు ఎయ్యరు.

నవ్వకంటవా. నేను నవ్వుడు మొన్న గూడ నవ్విన. మొన్న నువ్వు ఫోన్ చేసినప్పుడు. యాదికున్నదా?

"అక్షితా, బిడ్డా, లారీలు వడ్లు తొక్కుతున్నయే. గింజ విరిగితే వడ్లు కొనే సెంటర్ల నూకలంటరు. నీ యాప్‌ల రెండు రోజులు రోడ్డు బంద్ అని పెట్టు" అన్నవ్. నేను నవ్విన. "కారణం ఏం రాయాలె మామా, సాయిలు రాజ్యమని రాయాల్నా" అన్న. నువ్వే చెప్పినవ్, కల్వర్టు పని అని రాయమని. రాసిన. బటన్ ఒత్తిన. ఎర్రగీత పడ్డది. నాలుగోది గదే మామా. బంద్ ఎవరు పెట్టిచ్చిన్రు, ఎవరు పెట్టిన్రు.

ఏందీ? లారీలకే బంద్ అనుకున్నవా?

మామా, ఎర్రగీత ఎర్రగీతనే. లారీకి ఒక ఎరుపు, అంబులెన్సుకు ఒక ఎరుపు ఉండదు. నీ వడ్లల్ల తాలు గాలికి పోయినట్టు ఒక్క లారీలే అవతలికి పోతయనుకున్నవా?

ఏడ్వకు. దవాఖానల ఏడ్వలే నువ్వు, ఆఫీసుల ఏడుస్తున్నవ్. నిన్న పొద్దుగాల అత్త వడ్లు తిరగెయ్యనీకి తార్పాలిన్ లేపింది, కింద రక్తపింజర. గంట ముందు తెస్తే గింత కాకపోవునని డాక్టరు అన్నడు. మోకాలు దాక నల్లబడ్డది. కాలు ఉంచుడా తీసుడా పొద్దుగూకె వరకు చెప్తమన్నరు. గవన్ని రాసిన, చూడు. అక్షరం తప్పు పోలేదు.

ఇప్పుడు నువ్వు అడగని ముచ్చట ఒకటున్నది. నేనే చెప్త. తలకాయ వంచకు, నా దిక్కు చూడు.

నిన్న ఏడుంపావుకు అంబులెన్సు నడిపే డేవిడన్న ఆఫీసుకు ఫోన్ చేసిండు. డ్యూటీల నేనే ఉన్న. "అమ్మా, కెమెరా నల్లగ ఉన్నది, గీత ఎర్రగ ఉన్నది. నిజంగ బందేనా, పోవచ్చునా" అని అడిగిండు. మంచోడు. యాప్‌ను నమ్మలే, మనిషిని నమ్మిండు.

నా కండ్ల ముందట నీ వడ్లు కనపడ్డయ్. టైరు పడితే నువ్వు నన్ను తిడుతవని అనుకున్న. "బందే అన్నా, చుట్టు తిరిగి పో, నాలుగూర్లు చూసినట్టైతది" అన్న. ఆయన నవ్విండు. నేను గూడ నవ్విన. ఎవరి కోసం పోతున్నవని అడుగలే. ఒక్క మాట మామా. పేషెంటు పేరేందని ఒక్క మాట అడిగితే అయిపోతుండె.

అందుకే బంద్ పెట్టినోళ్లెవరన్న ఈ ఖాళీల నా పేరు రాసిన. నీది రాయలే. రాయమంటే రాస్త, వద్దంటే సారు ముంగట నేనొక్కదాన్నే నిలబడుత. నువ్వు యాప్ మీద కోపంతోటి వచ్చినవ్, పోగొట్టుకోనీకి యాప్‌కు కాళ్లున్నయా, నౌకరి ఉన్నదా.

పెన్ను ఇదిగో. సంతకం పెట్టి దవాఖానకు పో.

పోతే ఒకటి యాదుంచుకో. పొద్దుగాల అత్త దగ్గరికి నేను పోయిన. చెయ్యి పట్టుకొని అడిగింది, "తోవ ఎందుకు బంద్ పెట్టిన్రే బిడ్డా" అని. ఊరవతల కల్వర్టు పని నడుస్తాందత్తా అన్న. నమ్మింది. ఎండల చేస్తున్నరు పాపం, మీ మామను ఆ పనోళ్లకు మంచినీళ్లియ్యమని చెప్పు అన్నది.