అన్న ఇంట్లో కూడు తిన్నోడు కోర్టుకెలాగెల్తాడు?

ఏటే, ఎక్సుపార్టీ డిక్రీ అంటే నాకు తెలుసా అని అడగతన్నావా? ఓలమ్మో! ప్లీడరు సదువు సదవతన్నావని మీ మామ్మకే పరీచ్చ పెడతన్నావేటే గుంటా? కూకో, సెప్తాను. మీ పుస్తకంలో ఏటున్నాదో నాకు తెల్దు గానీ, అది మనింటికే వొచ్చినాది. డప్పు కొట్టుకుని మరీ వొచ్చినాది.

అప్పటికి మీ నాన్న పాకతన్నాడు. కాదు కాదు, పాకతన్నోడు మీ పెదనాన్న, మీ నాన్న నా కడుపులో ఉన్నాడు. కొత్తవలస కాడ కిరండోలు లైను మీద ఇనపరాయి బళ్లు కొత్తగా తిరగతన్నాయి, సూడ్డానికి జనం ఎగబడీవోరు. మాకున్నదల్లా ఎకరం పల్లం. అది పోతే కూలికెల్లడమే మరి. మా మావ దాన్ని కొన్నప్పుడు పెద్దకొడుకు పేరున రాయించీసాడు, మీ తాత అప్పటికి సంటోడు గదా. మావ పోనాక మీ తాతే దున్నుకుంటన్నాడు. ఉన్నట్టుండి ఆ పెద్దోడు, అదే మా బావ, భూమంతా నాదేనని తమ్ముడి మీద దావా ఏసీసాడు. ఆయన సొంత బుద్ధి కాదులే. పాతపట్నంలో ఆయన బావమరిది ఒకడున్నాడు, ఆడెక్కించాడు. ఆడి సంగతెత్తితే పొద్దుపోతాది, ఒగ్గీ.

సమన్లు వొచ్చాయి, మీ తాత ఏలిముద్రేసి తీసుకున్నాడు. ఈలోగా ఊళ్లో పెద్దలు తగువు తీర్సడానికి కూకున్నారు. సెరిసగం సేసుకోండ్రా అన్నారు. బావ సరేనన్నాడు. "దావా నాను తీసీసుకుంటాను, నువ్వు కోర్టుకి రానక్కర్నేదురా" అన్నాడు. మరి మావూరి కట్టుబాటేటంటే, అన్నదమ్ముల తగువు తీరిందంటే ఆ పూట తమ్ముడు అన్న ఇంట్లో కూడు తినాల. తిన్నాక కూడా కోర్టు గడప తొక్కినాడంటే ఆడిని మనిషని ఎవులూ అనరు. మా యారాలు, అంటే బావ పెళ్లాం, కొర్రమీను పులుసెట్టినాది. ఓలమ్మ, ఏటి పులుసే అది! మీ తాత కంచం నాకీసాడు. తెల్లారి నించి నిమ్మకు నీరెత్తినట్టు తిరిగీవోడు. వాయిదా నాడు పొలంలో గట్టు సరి సేసుకుంటన్నాడు.

బావ దావా తీసీనేదమ్మా! మీ తాత రానేదు గదా, మున్సబు గారు ఒక పక్క మాటే ఇని డిక్రీ ఇచ్చీసారు. మాకెలాగ తెలుస్తాది సెప్పు? నాట్లయిపోయి, సేను పొట్టకొచ్చినప్పుడు కోర్టు అమీనొచ్చి డప్పు కొట్టించి, పొలం అప్పగించాలన్నాడు. నాను గట్టు మీదే కూలబడిపోనాను. కడుపుతో ఉన్న మనిషిని, ఎంత ఏడిసానో.

ఇజీనారంలో ప్లీడరు గారి కాడికి పరిగెత్తాం. ఆయన ముందు అప్పగింత ఆపించాడు. ఆపించి, "డిక్రీ కొట్టేయమని అడగాలంటే నెల్లోపు రావాలయ్యా, గడువెప్పుడో దాటింది. ఇంత ఆలస్యానికి కారణం చూపించాలి. కామెర్లొచ్చాయని రాస్తాను" అన్నాడు. అందరికీ అదే రాస్తాడట! మీ తాత దానికీ ఏలిముద్రేసీసాడు.

ఇచారణ నాడు బావ తరపు ప్లీడరు మీ తాతని బోనెక్కించి, "ఏ డాక్టరు చూశాడయ్యా నీ కామెర్లు?" అనడిగాడు. మీ తాత ఆ మొకం ఈ మొకం సూసి, "కామెర్లేటి బాబూ, నాకు జొరం కూడా రానేదు. అన్నింట్లో కూడు తిన్నాను గదా, మరి కోర్టుకెలాగొస్తాను?" అనీసాడు. మా ప్లీడరు నెత్తి కొట్టుకున్నాడు. కోర్టంతా ఒకటే నవ్వు. నా పొలం పోనాదిరా దేముడా అనుకున్నాను.

మున్సబు గారు మాత్రం నవ్వనేదు. బావని బోనెక్కించి, "నీ తమ్ముడు ఆ రోజు నీ ఇంట్లో తిన్నాడా?" అన్నారు. ఆళ్ల ప్లీడరు నేదనమని కళ్లతో సైగ సేస్తన్నాడు. బావ తమ్ముడి ఏపే సూసాడు. "తిన్నాడు బాబూ. మారు పులుసు నానే ఏసాను. దావా తీసీస్తానని కూడా అన్నాను" అన్నాడు.

అంతే! కామెర్ల అబద్దానికి మీ తాతకి సీవాట్లెట్టారు, ప్లీడరుకి ఇంకా ఎక్కువెట్టారు. ఆలీసం మన్నించి డిక్రీ కొట్టీసారు. తరవాత అన్నదమ్ములిద్దరూ సెరిసగం అని రాజీ రాసుకున్నారు. ఆ అరెకరం మీదే ఇద్దరు పిల్లల్నీ సదివించాను, నాకేటి లోటు?

శానా ఏళ్లకి బావనడిగీసాను. "తిన్నేదని ఒక్క మాటంటే ఎకరమూ నీదే గదా బావా, ఎందుకననేదు?" అని. ముసిలోడు కళ్లనీళ్లెట్టుకున్నాడే. "ఆడు పాలు మరవకముందే మాయమ్మ పోనాది. ఈ సేత్తోనే ముద్దలు కలిపి పెంచాను. పొలం నాదని అన్నాను గానీ, నా తమ్ముడికి కూడెట్టనేదని ఎలాగంటానే అమ్మీ?" అన్నాడు.

నువ్వు రేపు ప్లీడరువవుతావో, మున్సబువే అవుతావో. ఆలీసంగా వొచ్చినోడిని కసిరీకు తల్లీ. ఎందుకాలీసమైనాదిరా నాయనా అని అడిగి, ఆడి నోటితో ఆడిని సెప్పనీ. సల్లగుండు నా తల్లే... మీ తాతుంటేనా, నిన్ను ఆ నల్లకోటులో సూసి ఊరంతా తిరిగి సెప్పీవోడు...